గాలి మళ్ళిందా

కెనడాలో న్యూఫౌండ్‌లాండ్ తీరంలో తెల్లారింది. టీలో డబ్బాపాలు కలుపుతూ ఆంబ్రోస్ కూతురితో మాట కదిపాడు.

“పోస్టాఫీసు ఉద్యోగం సంగతి పన్నెండింటిలోగా చెప్పమన్నారు. నువ్వు చేరతావని చెప్పేస్తున్నా.”

“నన్నడక్కుండానేనా నాన్నా?” అంది నోరీన్.

“నలభై ఒకటొచ్చాయే నీకు. ఇరవై సినిమాల్లో వేశానంటావు. ఈ తీరంలో ఒక్కటైనా ఆడిందా? టొరంటోలో ఏడాదికి ఆర్నెల్లు హోటల్లో ప్లేట్లు మోస్తావు. దాన్ని నటన అనరు, మొండితనం అంటారు.”

“ఆ మొండితనం ఎవరిదంటావు? చేపలు పడని ఏళ్లలో కూడా పడవకి రంగేసేవాడివి.”

“రంగేస్తే పడవ మిగిలింది. నీకేం మిగిలింది?”

నోరీన్ కప్పు కడిగి బోర్లించింది.

నోరీన్ వేస్తున్న సినిమాకి ఆ రోజు షూటింగు వాళ్ల వంటగదిలోనే. వేరే ఇల్లు అద్దెకు తీసుకునే స్తోమత లేని చిన్న సినిమా. దర్శకురాలితో కలిపి ఏడుగురు. వాళ్లు వస్తూనే ఫ్రిజ్ మూలుగుతోందని ప్లగ్గు పీకేశారు. ఆంబ్రోస్‌ను తలుపు అవతల, సందులోంచి లోపల కనబడే మెట్ల మీద కూర్చోబెట్టి, చప్పుడు చేయొద్దన్నారు.

“ఫ్రిజ్ తర్వాత నేనే అన్నమాట” అని గొణుక్కుంటూ కూర్చున్నాడు.

కథ వందేళ్ల నాటిది. మొగుడు గుమ్మం బయట వల సర్దుకుంటుంటాడు. పెళ్లాం లోపల్నుంచి ఒక్క మాట అడుగుతుంది. అంతే. ఆ మాటే నోరీన్ ఆరుసార్లు అడిగింది. ఆరుసార్లూ ఆంబ్రోస్ ఆవలింత ఆపుకున్నాడు.

ఏడోసారి ఆమె ఉప్పుచేప కడిగి, చేతులు ఏప్రన్‌కు కాకుండా వెనక్కి పోనిచ్చి గౌనుకు తుడుచుకుంది. కిటికీలోంచి సముద్రం వైపు చూడలేదు. పక్కింటి గొట్టంలోంచి లేచే పొగ ఎటు వాలుతోందో చూసింది. తల తిప్పకుండానే అడిగింది.

“గాలి మళ్ళిందా?”

“మళ్ళింది ఫిలమీనా. ఈపూట వేటకి పోనులే” అన్నాడు ఆంబ్రోస్.

ఎవరూ కదల్లేదు. అతని భార్య ఫిలమీనా పోయి తొమ్మిదేళ్లు. అది గుర్తొచ్చేసరికి అతను మెట్ల కమ్మీ పట్టుకుని సగం లేచి ఉన్నాడు.

నోరీన్ వచ్చి కింది మెట్టు మీద కూర్చుంది.

“పాడుచేశాను కదే.”

“ఫర్లేదు నాన్నా.”

“ఆ చేతులు తుడుచుకోవడం... నీకిచ్చిన కాయితాల్లో ఉందా?”

“లేదు. మాటొక్కటే రాశారు.”

“ముప్పై అయిదేళ్లు కాపురం చేశా. మీ అమ్మ పొగను చూసి అడిగేదని ఇవాళ తెలిసింది నాకు.”

“నాకూ తెలీదు నాన్నా. ఇందాక నిలబడితే వచ్చింది.”

ఆంబ్రోస్ ఆ చేతుల వైపే చూశాడు. కొండంత మంచుగడ్డ నిశ్శబ్దంగా వచ్చి రేవులో ఆగితే ఊరంతా అలాగే చూస్తుంది. కళ్లు తుడుచుకోవాలన్న ధ్యాస కూడా అతనికి లేదు.

కాసేపటికి లేచి, పోస్టాఫీసుకు తనే ఫోన్ చేశాడు.

“వేరే మనిషిని చూసుకోండమ్మా. మా పిల్లకి పనుంది.”

తిరిగొచ్చి దర్శకురాలి ముందు టోపీ తీసి నిలబడ్డాడు.

“మళ్ళీ అడగమనండి. ఈసారి పలకను.”

అని, తలుపు సందుకు ఇంకాస్త దగ్గరగా జరిగి కూర్చున్నాడు.