మరదలు చూపించని వైపు

ఉపన్యాసం మధ్యలో గ్లాసెత్తి నీళ్లు తాగిన శాస్త్రవేత్త, మరో మాట పూర్తి చేయకుండానే వేదికపై కుప్పకూలిపోయాడు.

మర్నాడు ఉదయం గూఢచారి శాఖ చీఫ్, తన ఏజెంట్ డేగను పిలిపించాడు.

"విషప్రయోగం. విదేశీ ముఠా పని. ఆయన సహచరురాలు ఇవాళ మధ్యాహ్నం అదే హాల్లో మాట్లాడుతుంది. నెక్స్ట్ టార్గెట్ ఆవిడే. వద్దంటే వినడం లేదు."

హాలు నడుమ ఉన్న వీఆర్ కెమెరా ఆ ఉపన్యాసాన్ని నలువైపులా రికార్డు చేసింది. దాన్ని మామూలు తెర మీద చూసేలా ఫ్లాట్ వీడియోగా మార్చి ఇచ్చింది నెమలి. శాఖలో అందరూ తల తిప్పి చూసే అందగత్తె, వీడియో నిపుణురాలు, డేగకు స్వయానా మరదలు, భార్య చెల్లెలు.

డేగ ఆ వీడియోను మళ్లీ మళ్లీ చూశాడు. వేదిక, చప్పట్లు, మరణం. గ్లాసు తెచ్చిన మనిషి మాత్రం ఎక్కడా లేదు.

"ఒరిజినల్ ఏదమ్మా?"

"హెడ్‌సెట్ పెడితే నీకు కళ్లు తిరుగుతాయి బావా. కావలసిందంతా ఇందులో ఉందిగా!" నవ్వి, హ్యాండ్‌బ్యాగ్ తగిలించుకుని వెళ్లిపోయింది.

సాక్ష్యాల గదిలో భద్రపరిచిన ఒరిజినల్ తెప్పించి, డేగ హెడ్‌సెట్ పెట్టుకున్నాడు. ఇప్పుడు తను ఆ హాల్లోనే నిలబడి ఉన్నాడు. ఎదురుగా వేదిక. నెమలి చూపించింది అంతవరకే. మెల్లగా వెనక్కి తిరిగాడు.

పక్క తలుపులోంచి తెల్ల విగ్గు పెట్టుకున్న ముసలి పరిచారిక గ్లాసుతో వస్తోంది. ఉంగరం మూత తెరిచి నీళ్లలో ఏదో వంపింది. తొందరలో కొద్దిగా ఈడ్చే ఆ ఎడమకాలు... చిన్నప్పుడు నెమలికి సైకిల్ నేర్పిస్తూ తనే పడేస్తే విరిగిన కాలు.

డేగ హెడ్‌సెట్ పీకి పారేశాడు. హాలు వైపు పరుగెత్తాడు.

హాల్లోకి వచ్చేసరికి వేదిక మీద శాస్త్రవేత్త సహచరురాలు గ్లాసు పెదవుల దాకా తెచ్చుకుంది. డేగ బూటు ఊడదీసి విసిరాడు. గ్లాసు భళ్లున పగిలింది.

తలుపు దగ్గర ముసలి పరిచారిక లిప్‌స్టిక్ ఎత్తింది. అది పిస్టల్. డేగ ఆమె మణికట్టు ఒడిసిపట్టాడు. తూటా పైకప్పులో దిగింది. పెనుగులాటలో విగ్గు ఊడింది.

"ఇంత ధైర్యం ఎలా వచ్చిందే నీకు?" అన్నాడు డేగ.

"నీకు దొరికిపోతానేమోనని ముఠావాళ్లు భయపడ్డారు బావా. మా బావ నేను చూపించిన వైపే చూస్తాడని చెప్పాను."

డేగ బేడీలు తీశాడు. మరదలి చేతులకు వేశాడు.

బయట చీఫ్ మెల్లగా అడిగాడు. "ఇంట్లో ఏం చెప్తావయ్యా?"

"తన చెల్లెలికి సర్కారు ఉద్యోగం ఇప్పించమని మా ఆవిడ నా ప్రాణం తోడేసింది సార్. ఇప్పించాను. ఇప్పుడు సర్కారు వసతి కూడా ఇప్పించానని చెప్తాను" అన్నాడు డేగ.