చావని చేపలు

నాకు ఓపిక తక్కువ. అలాంటివాణ్ణి, పొట్టకూటి కోసం అక్వేరియాలు కడుగుతూ తిరుగుతున్నాను. బ్యాంకులో ఒకటి, పళ్ళ డాక్టరు దగ్గర రెండు, హోటల్లో గోడంత పెద్దది ఒకటి. చూసేవాళ్ళకి కంటికి చలవ. నాకు పాచి, నీచు వాసన, మోచేతుల దాకా నానిన చర్మం.

మా అక్క కూతురు చిట్టికి ఏడేళ్ళు. తండ్రి లేని పిల్ల. దానికో గోల్డ్ ఫిష్ ఉండేది, పేరు బుగ్గలు. బడి నుంచి రాగానే తొట్టి ముందు చతికిలబడి, మాతో చెప్పని కబుర్లన్నీ దానికి చెప్పుకునేది.

ఆ తొట్టి కడిగేదీ నేనే. ఫిల్టర్‌లో స్పాంజిని తొట్టి నీళ్ళలోనే పిండాలి. కుళాయి కింద కడిగితే, అందులోని క్లోరిన్‌కి, నీటిని బాగుచేసే కంటికి కనపడని క్రిములు చచ్చిపోతాయి. పదిహేనేళ్ళుగా ఊరందరికీ చెప్పినవాణ్ణి, ఆ రోజు తొందరలో కుళాయి కిందే పెట్టేశాను. మూడో రోజుకి నీళ్ళు తెల్లబడ్డాయి. బుగ్గలు పైకి తేలి, నోరు తెరుస్తూ మూస్తూ, గాలి అందక చచ్చిపోయింది.

చిట్టి బడి నుంచి వచ్చేలోపు తొట్టి తీసేసి, గోడకి స్క్రీన్ బిగించాను. అందులో నీళ్ళు, నాచు, బుడగల చప్పుడు, ఫోటో ఇచ్చి చేయించిన అచ్చం బుగ్గల్లాంటి చేప. కడగక్కర్లేదు, మేత వెయ్యక్కర్లేదు. నీ బుగ్గలు ఇందులోకి మారిపోయిందని నోటికొచ్చిన అబద్ధం చెప్పాను. పిచ్చిపిల్ల, నమ్మేసింది. అదే ప్రాణాల మీదికి తెచ్చింది.

నెల తిరక్కుండా అక్క ఫోన్ చేసింది. పిల్ల అన్నం ముట్టడం లేదట, స్క్రీన్ ముందు నుంచి కదలడం లేదట. వచ్చి ఆ వెధవది పీకెయ్యమంది.

మధ్యాహ్నం వెళ్ళాను. తలుపు తియ్యగానే గుప్పున నీచు వాసన... తొట్టి తీసేసి నెల కావస్తోంది కదా, ఎక్కడిదీ వాసన? స్క్రీన్‌లో నీళ్ళు తెల్లగా ఉన్నాయి. బుగ్గలు పైకి తేలి నోరు తెరుస్తోంది... మూస్తోంది. అలాంటి బొమ్మ అందులో లేదు. దగ్గరుండి చేయించింది నేనే.

"మామయ్యా, దానికి గాలి ఆడట్లేదు," చిట్టి గుసగుసగా అంది. "నాది కొంచెం ఇచ్చా."

ప్లగ్గు పీకేశాను.

స్క్రీన్ నల్లబడింది. బుడగల చప్పుడు మాత్రం ఆగలేదు... వెనక్కి తిరిగాను. చప్పుడు చిట్టి గొంతులోంచి వస్తోంది. నోరు తెరుస్తోంది. మూస్తోంది. పెదవులు నీలం. అక్క కెవ్వుమంది. ప్లగ్గు రెండుసార్లు జారింది. మూడోసారి దిగింది... స్క్రీన్ వెలిగింది. చిట్టి ఊపిరి పీల్చుకుంది.

ఆ తర్వాత దాన్ని ఆర్పే సాహసం చెయ్యలేదు. కరెంటు పోయినా ఆరకుండా బ్యాటరీ పెట్టాను. డాక్టర్లకి చూపిస్తే పిల్ల ఊపిరితిత్తులు భేషుగ్గా ఉన్నాయన్నారు. ఇంకెవరికి చెప్పుకోను? చేసింది నేను, అనుభవించేది అది. అన్నం సయించట్లేదు నాకు.

నిన్న సాయంత్రం హోటల్లో తొట్టి కడుగుతుంటే కరెంటు పోయింది. ఊరంతా పోయిందన్నారు. పైపు అక్కడే పడేసి బండి మీద బయల్దేరాను. సిగ్నళ్ళు లేక బళ్ళన్నీ ఎక్కడివక్కడ ఆగిపోయాయి. దిగి పరుగెత్తాను. బ్యాటరీ గంటకి మించి రాదు. గంట దాటింది. అక్క ఫోన్ కలవదు... కలవదు... చివరికి కలిసింది. చిట్టి ఎలా ఉందని అడిగాను.

"ఉందిరా," అక్క గొంతు పీలగా వచ్చింది. "ఊపిరి ఆడుతోంది."

నడిరోడ్డు మీద కూలబడ్డాను. బ్యాటరీ నిలబడిందన్నమాట అన్నాను. లేదు, అరగంట కిందటే ఆరిపోయిందంది. మరెలా అన్నాను.

"నీళ్ళ బకెట్లో ముఖం పెట్టేసుకుందిరా. అప్పట్నుంచీ లేవలేదు. పైకి లాగితే... గిలగిలా కొట్టుకుంటోంది."