పదకొండు ఎంబీల పొలం

మనోహర్ లాంటి బావమరిది పగవాడికి కూడా వద్దని అంకయ్య అభిప్రాయం. వాడు ఇచ్చే ప్రతి వస్తువుకీ ఎక్కడో ఒక లోటు ఉంటుంది. పెళ్ళికి పెట్టిన వాచీ ఆర్నెల్లకే ఆగిపోయింది. నోయిడాలో తన కంపెనీ వాళ్ళు పాత సామాను వదిలించుకుంటుంటే, మేనకోడలికంటూ ఒక ల్యాప్‌టాప్ పట్టుకొచ్చి ఇచ్చాడు. పైకి బాగానే మెరుస్తుంది. లోపల చోటు లేదు. నెలకోసారి తెరమీద ఎర్రగీత లేచి, నిండిపోయాను మొర్రో అంటుంది.

ఆ ఆదివారం పొద్దున కూడా అదే గీత. ఢిల్లీ కంటోన్మెంట్ క్వార్టర్లో కల్పన గ్యాస్ పొయ్యి మీద ఉప్మా కలుపుతోంది. కూతురు చాందిని ఒక చేత్తో బూటు తొడుక్కుంటూ ఇంకో చేత్తో తెర చూపించింది.

“నాన్నా, రేపు పదింటికి నా ఆన్‌లైన్ టెస్ట్. వాళ్ళ సాఫ్ట్‌వేర్‌కి ముప్పై జీబీ ఖాళీ ఉండాలట. సాయంత్రం వచ్చి నేనే చేసుకుంటా. ఎవ్వరూ టచ్ చేయొద్దు, ప్లీజ్.”

“చోటు చెయ్యడం కూడా నాకు రాదనా?”

“అరే, అలా కాదు నాన్నా! మెట్రో మిస్సయిపోతుంది, బై.” ఉప్మా రెండు చెంచాలు నోట్లో కుక్కుకుని లక్ష్మీనగర్ కోచింగ్‌కి పరిగెత్తింది.

అంకయ్యకు ఆ మాట గుచ్చుకుంది. ఎనిమిదో తరగతితో చదువు మానేసినవాడు. మిలిటరీ డిపోలో కూలీగా చేరి, ఇరవై ఆరేళ్ళలో స్టోర్‌రూమ్ తాళాలు తన మొలకి కట్టుకునే దాకా వచ్చాడు. నిండిన గోడౌన్లో చోటు చెయ్యడమే అతని బతుకు. అలాంటివాడిని కన్నకూతురు టచ్ చేయొద్దంటుంది.

మనోహర్‌కి ఫోన్ చేశాడు.

“సింపుల్ బావా,” అన్నాడు మనోహర్ ఆవలిస్తూ. “అందులో పెద్దది ఏముందో చూడు.”

“ఏదో ఆట ఉంది. నలభై రెండు అని రాసుంది.”

“అదే, దాన్ని పీకెయ్. ఆడిందంతా వేరే ఫోల్డర్లో ఉంటుందిలే, దానికేం కాదు. అది ముట్టుకో—”

“సరే సరే,” అని అంకయ్య పెట్టేశాడు. ‘ముట్టుకో’ దగ్గర మాట తెగింది. మనోహర్ మాట పూర్తిగా వినే ఓపిక అతనికి పెళ్ళినాటి నుంచీ లేదు.

ఆట పోయింది. తర్వాత అతను డాక్యుమెంట్స్ తెరిచి చూశాడు. అక్కడ అదే ఆట పేరుతో ఒక పసుప్పచ్చ ఫోల్డర్ మిగిలి ఉంది. డిపోలో ఒక వస్తువును పనికిరాదని కండెమ్ చేశారంటే వస్తువు ఒక్కటే బయటికి పోతే సరిపోదు. దానికి కట్టిన రేకుబిళ్ళ, అర మీద అంటించిన చీటీ, దాని కార్డు, అన్నీ పోవాలి. వస్తువు లేకుండా చీటీ మిగిలితే ఆడిట్ వాడు ఇది ఎక్కడయ్యా అని నిలదీస్తాడు. ఒకసారి అలాంటి చీటీ ఒక్కటి మర్చిపోయినందుకు అంకయ్యకు మెమో ఇచ్చారు. ఆ అవమానం ఇప్పటికీ ఒంట్లో ముల్లులా ఉంది.

అందుకే ఆ ఫోల్డర్ కూడా తీసేశాడు. చెత్తబుట్ట బొమ్మను కూడా ఖాళీ చేశాడు. ఎర్రగీత నీలంగా మారింది. చూశావా అన్నట్టు వంటింటి వైపు చూశాడు. కల్పన పోపు వేస్తోంది.

పదకొండింటికి అంకయ్య తల్లి హనుమాయమ్మ స్నానం చేసి, స్వెటర్ తొడుక్కుని, కాళ్ళ మీద రజాయి కప్పుకుని ల్యాప్‌టాప్ ముందు కూర్చుంది. రోజూ ఆ వేళకి ఆమె అక్కడే ఉంటుంది. అంకయ్య ఏనాడూ తొంగి చూడలేదు. అతను డిపో నుంచి వచ్చేసరికి చాందిని చదువుకోవాలని ఆమె లేచిపోతుంది. ఆదివారాలు అతను నిద్రలో గడిపేస్తాడు. అమ్మ ఏదో పిల్లల ఆట ఆడుకుంటుందని తెలుసు, అంతే.

“ఒరే అంకయ్యా, పొలం కనపడటం లేదేంట్రా?”

“పొలమేంటి?”

“రోజూ ఇక్కడ పచ్చబొమ్మ ఉంటది కదా, అది నొక్కితే వస్తది.”

“ఓ, అదా? తీసేశానమ్మా. పిల్లకి పరీక్ష, చోటు కావాలి. డెబ్భై ఏళ్ళొచ్చాయి, ఇంకా ఆటలేంటి?”

ఆమె చెయ్యి మౌస్ మీదే ఆగింది.

“నన్ను అడగకుండానే?”

“ఆటకి అడిగేదేముందమ్మా?”

“అప్పుడూ అంతే, ఇప్పుడూ అంతే. నాకు జ్వరమొచ్చి మంచంలో ఉంటే, నువ్వు ఢిల్లీ నుంచి నాలుగు రోజులు సెలవు పెట్టుకొచ్చి కాయితాల మీద సంతకం పెట్టి పోయావు. ప్రాజెక్టు కింద మునగబోయేది నువ్వు ఒక్కడివే దున్నిన చేనైనట్టు. ఒక్క మాట అడగలేదు.”

“ఊరంతా పెట్టింది! నేనొక్కడినే పెట్టకపోతే నీళ్ళు ఆగుతాయా?”

“ఆగమని ఎవడన్నాడ్రా? అడగమన్నాను.”

కల్పన గరిటె పట్టుకుని గుమ్మంలో నిలబడిపోయింది. ఈ ఇంట్లో ఆ సంగతి ఆరేళ్ళుగా ఎవరూ ఎత్తలేదు. పట్టా అంకయ్య పేరున ఉంది కాబట్టి మునక పరిహారం కాయితాల మీద సంతకం అతనిదే చెల్లింది. తల్లిని తెచ్చి ఈ క్వార్టర్లో పెట్టుకున్నాడు. వేళకి అన్నం, వేళకి మందు. ఇంకేం కావాలని లోపల్లోపల విసుక్కునేవాడు.

“ఏమండీ,” అంది కల్పన, “అత్తయ్యగారు రెండేళ్ళుగా దాని మీదే కూర్చున్నారు. నాతో ఒక్క మాట అనాల్సింది.”

“మీరంతా ఒకటైపోండి. నేనొక్కడినే దొంగని.”

మధ్యాహ్నం మూడింటికి చాందిని వచ్చింది. సంగతి విని ముందు కంగారు పడలేదు.

“ఠీక్ హై, నానమ్మా. గేమ్ పోతే పోనీ. మళ్ళీ డౌన్‌లోడ్ చేసుకోవచ్చు. నేనూ సాయంత్రం అదే తీసేద్దామనుకున్నా. నువ్వు కట్టిందంతా సేవ్ ఫోల్డర్లో వేరుగా ఉంటుంది. గేమ్ తిరిగి పెట్టగానే ఎక్కడ ఆపావో అక్కణ్ణుంచే మొదలు.”

“ఆ ఫోల్డర్ కూడా తీసేశా,” అన్నాడు అంకయ్య.

చాందిని అతని వైపు తిరిగింది. “రీసైకిల్ బిన్?”

“ఖాళీ చేశా. చెయ్యాలి కదా.”

“నాన్నా, ఆప్ భీ నా! మీరొకరు! ఎవరు చెప్పారు మీకు? అది ఎంత ఉందో చూశారా కనీసం? గేమ్ నలభై రెండు జీబీ. నానమ్మ పొలం పదకొండు ఎంబీ!”

“అంటే?”

“అంటే మీ ఫోన్లో నాలుగు ఫొటోలంత! దాన్ని తీస్తే మీకు ఏం చోటొచ్చింది?”

ఆ పిల్ల అంకయ్య మీద అరవడం అదే మొదటిసారి. కూతురు అరిచినందుకు కోపం రావాల్సింది. రాలేదు. ఆ సంఖ్య దగ్గరే మనసు ఆగిపోయింది. నాలుగు ఫొటోలంత. ఊళ్ళో తమ చేను తీసుకోవడానికి ప్రభుత్వానికి ఒక గదికి సరిపడా దస్త్రాలు పట్టాయి. అతను కళ్ళారా చూశాడు.

చాందిని తన పుస్తకాల సంచీ, టేబుల్ సొరుగు, పాత పెన్సిల్ డబ్బా అన్నీ బోర్లించింది. చివరికి ఒక పెన్‌డ్రైవ్ దొరికింది. దీపావళికి ల్యాప్‌టాప్ మొరాయిస్తే, బాగు చేయించే ముందు అన్నీ అందులోకి కాపీ చేసుకుంది. ల్యాప్‌టాప్‌కి పెట్టి చూసింది.

“ఉంది! నానమ్మా, ఉంది! కానీ దీపావళిది.”

హనుమాయమ్మ నవ్వలేదు. “తెరిచి చూపియ్యి.”

“రేపు టెస్ట్ అయ్యాకే. ఇప్పుడు గేమ్ వేస్తే చోటు చాలదు.”

“అయితే అప్పుడే చెప్పు ఉందో లేదో,” అని ఆమె గోడ వైపు తిరిగి పడుకుంది.

ఆ పూటా, మర్నాడు పొద్దునా ఆమె కొడుకుతో మాట్లాడలేదు. కంచంలో అన్నం సగం వదిలేసింది. అంకయ్య సోమవారం డిపోకి వెళ్ళాడే గాని, ఒకే ర్యాకుని మూడుసార్లు లెక్కపెట్టాడు. మధ్యాహ్నం సెలవు చీటీ రాసిచ్చి ఇంటికొచ్చేశాడు. టెస్ట్ ఎలా రాశావని కూతుర్ని అడగడం కూడా మరిచాడు. “అయిందా? పెట్టావా?” అన్నాడు.

“డౌన్‌లోడ్ అవుతోంది. ఎనభై పర్సెంట్.”

నలుగురూ ఆ గీత నిండడం చూస్తూ కూర్చున్నారు. కల్పన టీ తెచ్చింది. ఎవరూ తాగలేదు. గీత నిండాక చాందిని పెన్‌డ్రైవ్‌లోని ఫోల్డర్‌ని దాని చోటులో పెట్టి, పచ్చబొమ్మ నొక్కింది. తెర నల్లబడింది. హనుమాయమ్మ రజాయి అంచు గుప్పిట్లో పట్టుకుంది.

తెల్లవారింది. కిటికీ బయట కాదు, తెరలో. ఎడమవైపు కొండ వెనక నుంచి ఎండ పాక్కుంటూ వచ్చి నేలమీద పడింది. ఎర్రమట్టి దారి. దారి పక్కన తుమ్మచెట్టు. ఆ పైన మిరపసాళ్ళు, ఒకదాని వెనక ఒకటి, కన్ను ఆనినంత మేర.

అంకయ్య కుర్చీలోంచి లేచాడు. ఎందుకు లేచాడో అతనికే తెలియదు.

“కొండ ఆ పక్కకే ఉంటుంది,” అన్నాడు మెల్లగా.

“ఉండకేం?” అంది హనుమాయమ్మ. ఆదివారం నుంచి అతనితో ఆడిన మొదటి మాట అది. చాందిని లేచి ఆమెకు చోటిచ్చింది. ముడతలు పడిన వేళ్ళు మౌస్ మీదికి చేరాయి. తెరలో చేను కదలడం మొదలుపెట్టింది.

గట్టు వెంట పోతుంటే ఒకచోట అది చంద్రవంకలా వంగి మళ్ళీ నిటారైంది. అక్కడ నాగుల పుట్ట ఉండేది. పుట్టను తవ్వడానికి మనసొప్పక అంకయ్య తండ్రి గట్టునే చుట్టు తిప్పి వేశాడు. ఆ సంగతి అంకయ్య ఎవరికీ చెప్పలేదు. తనకే గుర్తు లేదు, ఇప్పుడు ఆ వంపు చూసేదాకా. ఇంజను బావి వచ్చింది. లోపలికి దిగే మెట్లు ఏడు. నాలుగోది విరిగి ఉంది.

“మెట్టు కట్టడం కుదర్లేదా నానమ్మా?” అంది చాందిని.

“కుదిరింది. విరగ్గొట్టాను. అక్కడే కదా వీడు పడి గడ్డం చీల్చుకుంది.”

అంకయ్య చెయ్యి దానంతట అదే గడ్డం కింది మచ్చ మీదికి పోయింది. ఆరేళ్ళుగా ఆ నేల నిలువు లోతు నీళ్ళకింద ఉంది. దాని మీద ఇప్పుడు పడవలు తిరుగుతాయి. అక్కడ అడుగుపెట్టే దారి ఈ లోకంలో ఇంక ఎవడికీ లేదు. అయినా తను ఇక్కడ, ఢిల్లీ కంటోన్మెంటులో, టీ చల్లారిపోతున్న గదిలో నిలబడి దాని మీద నడుస్తున్నాడు.

“ఇంత లెక్క ఎలా తెలిసిందమ్మా? కొలతలు?”

“ఈ ఆటలో ఒక గడి నాకు ఒక అంగ. మీ నాన్న అంగ కాదు, నాది. నెత్తిన గంజికుండ పెట్టుకుని ముప్పై ఏళ్ళు తిరిగినదాన్ని. కొలత కాయితాల్లో మీకుంటే, కాళ్ళలో నాకుంది. ఈ గడులకి పేర్లు తెలీవు, రంగులు చూసి పెట్టాను. తప్పైతే మళ్ళీ పీకి మళ్ళీ పెట్టాను. మిరప నాటడానికి నాకు వానాకాలమంతా పట్టింది.”

“నాకెందుకు చూపించలేదు?”

“నువ్వు అడిగితే కదరా.”

కల్పన కొంగుతో కళ్ళు తుడుచుకుంది. అంకయ్య నేలమీద, తల్లి కుర్చీ పక్కన చతికిలబడ్డాడు. యాభై ఏళ్ళ మనిషి, మొలన స్టోర్‌రూమ్ తాళాలతో.

“సంతకం పెట్టే ముందు అడగాల్సింది,” అన్నాడు. “నువ్వు వద్దంటావని భయపడి, పెట్టేసి రాత్రికి రాత్రి బండెక్కాను. వద్దన్నా పోయేదే. కానీ నీ నోటితో ఒక్కసారి అననివ్వాల్సిందమ్మా.”

హనుమాయమ్మ మౌస్ వదిలి అతని తలమీద చెయ్యి వేసింది. “వద్దనేదాన్ని కాదురా. పెట్టమనే దాన్ని. ఒకసారి దాని మీద నడిచొచ్చి పెట్టమనే దాన్ని. అంతే.”

తర్వాత ఆమె ముక్కు చీది, “పద, దక్షిణం వైపు చూద్దాం” అంది.

మిరపసాళ్ళు దాటింది. పత్తి దాటింది. ఒక గట్టు దగ్గర అంతా ఆగిపోయింది. ఆ తర్వాత ఉత్త గడ్డి, మనిషి చెయ్యి పడని పచ్చిక, అడవి పువ్వులు. చాందిని పెదవి కొరుక్కుంది.

“దీపావళి తర్వాత వేసింది లేదు కదా, నానమ్మా.”

“లేదు. చలికాలమంతా కూర్చుని కంది వేశాను. వెడల్పాటి మోటు గట్టు, పశువులు తిరిగే బాట, అంతా అయ్యింది. మొన్న శనివారమే చివరి సాలు పెట్టాను.”

అంకయ్య ఆ పచ్చిక వంక చాలాసేపు చూశాడు. ఆ కంది చేను అతనికి బాగా తెలుసు. అక్కడ పిల్లప్పుడు కాయలు ఒలుచుకు తిన్నాడు. దాన్ని తన చేత్తోనే చీటీతో సహా తీసిపారేశాడు. మనోహర్ మాట ఇంకొక్క క్షణం వింటే ఉండేది. ఆ మాట ఒప్పుకోవడానికి అతనికి మొదటిసారి కష్టం అనిపించలేదు.

“చాందినీ, ఇది ఎలా పట్టుకోవాలో చూపించు,” అంటూ మౌస్ అందుకున్నాడు. మొద్దు వేళ్ళు దాని మీద ఇమడలేదు. తెరలో చేను గిర్రున తిరిగి ఆకాశం కనిపించింది. “ఆరామ్ సే నాన్నా, మెల్లగా!” అని చాందిని నవ్వింది. చాలాకాలానికి హనుమాయమ్మ కూడా నవ్వింది.

“ఎక్కణ్ణుంచి మొదలెట్టమంటావమ్మా?”

“ఆ మిగిలిన చివరి గట్టు దగ్గర్నుంచి. తూర్పుకి నలభై అంగలు ముందు లెక్కపెట్టు. నేను చెప్పేదాకా ఏమీ నాటకు.”

“అడక్కుండా నాటను.” అతను ఒక్కొక్క గడీ పైకే లెక్కపెడుతూ నడిచాడు. నలభై దగ్గర ఆగి, తల తిప్పకుండానే అడిగాడు. “అమ్మా, నేను పోగొట్టింది మొత్తం ఎంత?”

హనుమాయమ్మ లెక్కకి వేళ్ళ కణుపులు చూసుకోలేదు. ఆమెకు ఆ అవసరం లేదు.

“ముప్పై ఎనిమిది సెంట్లు.”