వదులైన కమాను

ఆమె కూర్చోకుండానే మొదలుపెట్టింది.

"మా నాన్న ఫిడేలు ఎవరో ముక్కలు చేశారండి. మృదంగం బాబాయిని పోలీసులు పట్టుకుపోయారు. నాన్న పక్కన జీవితమంతా వాయించిన మనిషి. ఆయన ఆ పని చెయ్యడు."

"అనుమానం ఆయన మీదే ఎందుకొచ్చింది?" అన్నాడు డిటెక్టివ్.

"అవతలి పార్టీ సభలో వాయించాడు. అన్నయ్యేమో ఇవతలి పార్టీ అభ్యర్థి, పోయిన నాన్న పేరు చెప్పుకుని ఓట్లడుగుతున్నాడు. బాబాయిని లోపల కొడతారని భయంగా ఉంది. ఆ చేతులే ఆయనకి బతుకు."

డిటెక్టివ్ అసిస్టెంటుతో కలిసి వెంటనే బయల్దేరాడు.

సాధన గదిలో ఫిడేలు నేలమీద చితికిపోయి ఉంది. దాన్ని వాయించే కమాను మాత్రం పెట్టెలో భద్రంగా ఉంది. డిటెక్టివ్ దాని వెంట్రుకల్ని వేలితో తాకాడు. మెత్తగా వేలాడుతున్నాయి.

"మీరే పెట్టెలో పెట్టారా?"

"లేదు. వాయిస్తుంటే ఫోనొచ్చింది. రెండూ బల్లమీదే వదిలేసి బయటికెళ్ళాను."

"ఇంట్లో ఇంకెవరికి వచ్చు?"

"ఎవరికీ రాదు. అన్నయ్యకి చిన్నప్పుడు నాన్న నేర్పబోయారు, ఇద్దరికీ పడలేదు."

సాయంత్రం అన్ననీ, చెల్లెల్నీ, ఇన్‌స్పెక్టర్నీ అదే గదిలో కూర్చోబెట్టాడు డిటెక్టివ్. కమాను చివరి మర తిప్పి, వెంట్రుకలు బిగించి అన్న చేతికిచ్చాడు.

"కాస్త పట్టుకోండి."

"త్వరగా కానివ్వండి, సభకి టైమవుతోంది," అన్నాడు అన్న. "నాకు సంగీతం ముక్క రాదు."

"కోపంతో వచ్చిన వాడు కమానునీ విరిచేవాడు. ఈ మనిషి దాన్ని వదులు చేసి, పెట్టెలో పెట్టి, తర్వాత ఫిడేలు పగలగొట్టాడు. వదులు చేసింది తనకి తెలియకుండానే. ఒకసారి మీ చెయ్యి చూసుకోండి."

అన్న బొటనవేలు మర మీద ఉంది. వెంట్రుకలు వేలాడుతున్నాయి. అసిస్టెంటు నోరు తెరిచి చూస్తుండిపోయాడు.

"కింద పెట్టేముందు వదులు చెయ్యకపోతే నాన్న వేళ్ళమీద కొట్టేవారు," అంది చెల్లెలు మెల్లగా.

"కొట్టింది నన్నే. ఫిడేలు మాత్రం నీకిచ్చాడు," అన్నాడు అన్న. "నాకు మిగిలింది ఆయన పేరొక్కటే. అవతలివాళ్ళు విరగ్గొట్టారంటే జనం ఏడుస్తారనుకున్నాను."

ఇన్‌స్పెక్టరు తలెత్తలేదు. ఫోన్ తీసి, మృదంగం ఆయన్ని వదిలెయ్యమన్నాడు.

బాబాయి వచ్చేసరికి చీకటి పడుతోంది. కుడిచేతికి గుడ్డ చుట్టి ఉంది. విరిగిన ముక్కల దగ్గర కూలబడి, "అతకడానికి వీలవుతుందా అమ్మా?" అని అడిగాడు. ఆమె ఏడ్చేసింది.

వీధి చివర సభ మైకులో నాన్న పాత రికార్డు పెట్టారు. పార్టీల వాళ్ళకి సంగీతం మైకు పరీక్షకి తప్ప దేనికీ అక్కర్లేదు. అభ్యర్థి ఇక రాడని అక్కడెవరికీ తెలియదు. ఫిడేలు వెనక మృదంగం గట్టిగా వినిపిస్తోంది. బాబాయి అలవాటుగా కుడిచెయ్యి ఎత్తి, మళ్ళీ ఒళ్ళో పెట్టుకున్నాడు.