కరప్రతి

ఎదురింటి వంటింట్లో తుంబా డ్రమ్ము మోగింది. మొదట అరచేయి, తర్వాత వేళ్లు, చివర చురుక్కుమనే చరుపు. జెకర్యా ఆ దెబ్బలను గుర్తుపట్టాడు. అవి తనవే.

బెజవాడలో ఇప్పుడు ప్రతి ఇంటికీ సొంత సంగీతం ఉంది. పొద్దున్నే పొయ్యి వెలిగించినట్టు కరప్రతి యంత్రాన్ని తెరుస్తారు. ఇంట్లోవాళ్ల మనసును బట్టి అది తుంబాలు, బాంగోలు వాయిస్తుంది. అందులోని చేతులు జెకర్యావి. వయసులో ఉండగా ఒక స్టూడియోలో కూర్చుని ఒక్కో దెబ్బనూ మెల్లగా, గట్టిగా, అలసటగా వాయించి ఇచ్చాడు. మరీ శుభ్రంగా ఉంటే యంత్రమని తెలిసిపోతుందని అతని పొరపాట్లు కూడా అడిగి తీసుకున్నారు.

ఆదివారం ప్రార్థన సభలో వాయించాలంటే, వాయించేది యంత్రం కాదు మనిషేనని తేల్చే సజీవ ముద్ర కావాలి. దృశ్యాలను ఎవరైనా పుట్టించగలరని ఇప్పుడు ఎవరూ నమ్మరు గనక పరీక్ష ధ్వనికే. నలుగురి మధ్య కూర్చుని వాయించే చోటు అతనికి అదొక్కటే మిగిలింది.

కూతురు కెజియా పాటలు కట్టుకునే గదిలోనే మైకు సరిచేసింది. తెరమీద ముద్ర ఇచ్చే పరిశీలకురాలు, "మొదలుపెట్టండి జెకర్యాగారూ" అంది.

వాయించాడు. ఎర్ర దీపం వెలిగింది.

"కరప్రతి అని చూపిస్తోందండీ."

"ప్రతి నాదేనమ్మా. నేను మాత్రం మనిషినే."

"పరీక్ష యంత్రానికి మొదట తెలిసింది ఆ ప్రతే కదండీ. ఇంకో రెండు అవకాశాలున్నాయి."

కెజియా మైకు ఆపింది. "నాన్నా, నీలా వాయించకు. మామయ్యలా వాయించు."

"మీ మామయ్య వాయిస్తే పెళ్లివాళ్లు భోజనాలకు లేచిపోయేవాళ్లే."

"అందుకే."

చేతులు మార్చి, కావాలని తాళం తప్పి వాయించాడు. మళ్లీ ఎరుపే.

కెజియా ముఖం పాలిపోయింది. "కరప్రతిలో తడబాటు మీట ఉంది నాన్నా. పాటలో మనిషితనం కోసం నేను రోజూ నొక్కేదే. నీ తప్పులన్నీ అందులో ఉన్నాయి."

తనకంటూ ఒక్క తప్పయినా మిగిలిందా అని జెకర్యా లోలోపల వెతుక్కున్నాడు. ఎక్కడికి వెళ్లినా తనకంటే ముందే ఎవరో అక్కడ కూర్చుని వాయిస్తున్నట్టుంది.

"నీళ్లు తాగొస్తా" అని లేచాడు.

బాల్కనీకి ఇనుప తలుపు. కుడిచేతి వేళ్లను ద్వారబంధం మీద పెట్టి, ఎడమచేత్తో తలుపును బలంగా లాగి మూశాడు. ఆ చప్పుడుకు కెజియా పరుగెత్తుకొచ్చింది.

"ఏం చేశావు నాన్నా?"

"ఏం లేదు. మైకు తెరువు."

మూడోసారి వాయించాడు. చేయి తోలును తాకేముందే భుజం జంకుతోంది. ఒక దెబ్బ పడాల్సిన చోట ఊపిరి మాత్రమే పడింది. ఆ భయం ఏ స్టూడియోకూ అతను ఇచ్చింది కాదు.

పచ్చ దీపం వెలిగింది.

"ఇప్పుడు సజీవం" అంది పరిశీలకురాలు, తేలిగ్గా ఊపిరి పీల్చుకుని. "ఈ చేతినే నమోదు చేస్తున్నానండీ. ఇకనుంచి ఏ సభకైనా ముందు మీ వాయింపును దీనితోనే సరిపోల్చుకుంటారు."

తెర ఆరిపోయింది. కెజియా తువ్వాల్లో ఐసు చుట్టి తెచ్చి, తండ్రి పక్కన కూర్చుని చేయి అందుకోబోయింది.

జెకర్యా చేయి వెనక్కి లాక్కున్నాడు.

"వద్దమ్మా. ఐసు పెడితే వాపు తగ్గిపోతుంది."