ఆయన చెప్పిందే నా సాక్ష్యం

"నేను రానండీ! సాయంత్రం కూడికలో నా బదులు ఇంకెవరినైనా నిలబెట్టుకోండి!"

ఆ మాట అనేసి రూతు వంటింట్లో పీట వాల్చుకుని కూలబడింది. సగం గడ్డం గీసుకున్న ఏసురాజు సబ్బు నురగతోనే గుమ్మంలో నిలబడిపోయాడు. వాకిట్లో షామియానా వేస్తున్నారు. పులిహోరకు చింతపండు నానుతోంది. ఇప్పుడా ఈ గొడవ!

ఏసురాజును రాష్ట్ర నాటక సంస్థకు డైరెక్టరుగా వేశారు. వచ్చే వారం హైదరాబాదు వెళ్లి ఆ కుర్చీలో కూర్చోవాలి. అందుకే రాజమండ్రి ఇంట్లో కృతజ్ఞత కూడిక పెట్టుకున్నారు. పాస్టరుగారు ప్రార్థన చేశాక ఇంటి యజమాని లేచి, దేవుడు తన బతుకులో చేసిన మేలు ఇదీ అని సాక్ష్యం చెబుతాడు. ఆ తర్వాత ఇల్లాలు లేచి "ఆయన చెప్పిందే నా సాక్ష్యం" అని కూర్చుంటుంది. వాళ్ల ఇళ్లల్లో ఎప్పటినుంచో అదే ఆనవాయితీ. ఒక్క ముక్క! ఆ ఒక్క ముక్కే ఇవాళ రూతు గొంతు దాటనంటోంది.

చర్చిలో క్రిస్మస్ నాటకానికి గొర్రెల కాపరి గడ్డం అంటించుకున్ననాడు మొదలైంది ఏసురాజు వేషాల పిచ్చి. తరువాత నాటక పరిషత్తు పోటీలు, అలమార నిండా కప్పులు, ఆపైన టీవీ నాటకాలు... ఇంటికి మాత్రం చుట్టపుచూపుగా వచ్చేవాడు మహానుభావుడు! మిషన్ స్కూల్లో పాఠాలు చెప్పి, అత్తగారిని కనిపెట్టుకుని, వేషం బట్టలు ఉతికి ఇస్త్రీ చేసి రూతు ఆ ఇంటిని ఈడ్చుకొచ్చింది. అలసిపోయానని అనుకోవడానికి కూడా ఆమెకు ఓపిక లేకపోయింది. వాటికెప్పుడూ నొచ్చుకోలేదు. నొచ్చుకున్నదల్లా మొన్న టీవీలో విన్న మాటకే.

ఎదురింటి లోవరాజుగారింట్లో వీధి వీధంతా కూర్చుని ఏసురాజు ఇంటర్వ్యూ చూసింది. మరిచిపోలేని సంఘటన చెప్పమని అడిగితే అతను కళ్లు దించుకున్నాడు. "మా బాబు సమూయేలు... ఐదేళ్లవాడు... మెదడువాపు జ్వరం... నా ఒళ్లోనే, నా చెయ్యి పట్టుకునే వెళ్లిపోయాడండీ!"

వీధంతా ఘొల్లుమంది. లోవరాజుగారి భార్య రూతును కావలించుకుని మరీ ఏడ్చింది. రూతు కంట చుక్క రాలలేదు. ఎలా రాలుతుంది? ఆ ఒడి ఏసురాజుది కాదే! ఆ రాత్రి అతను విజయనగరంలో పోటీ నాటకం ఆడుతున్నాడు. బిడ్డ ప్రాణం పోయింది రూతు ఒళ్లో...

"టీవీలో అన్నారు, ఊరుకున్నాను. ఇవాళ పాస్టరుగారి ముందు కూడా అంటారా?" అంది పీట మీది నుంచి లేవకుండానే.

"అందరూ ఆ సంగతే అడుగుతున్నారు రూతూ. ఇప్పుడు కాదంటే నా మొహం ఎక్కడ పెట్టుకోను?"

"అయితే చెప్పండి! చెప్పి నన్ను ఔననమంటారు! నా బిడ్డ నా ఒళ్లో పోలేదని దేవుడి ఎదుట నా నోటితోనే అనమంటారు! నాకు మిగిలింది అదొక్కటేనండీ... అది కూడా మీకే కావాలా?"

ఏసురాజు తువ్వాలుతో నురగ తుడుచుకున్నాడు. అతని తల్లి జ్ఞానమ్మ గోడ పట్టుకుంటూ వచ్చింది. "నలుగురిలో వాడి పరువు తియ్యకే తల్లీ! ఇంత చేసినదానివి, ఈ ఒక్కటీ..."

ఈ ఒక్కటీ, ఈ ఒక్కటీ అంటూనే కదా ఇన్నేళ్లు గడిచాయి! రూతు నిట్టూర్చి పొయ్యి వెలిగించింది. పొద్దువాలాక చీర కూడా మార్చుకుంది. అలవాటు అలాంటిది మరి.

కూడికకు చాపలు చాలనంత జనం వచ్చారు. పాటలు, ప్రార్థన అయ్యాక ఏసురాజు లేచాడు. వణకాల్సిన చోటల్లా గొంతు చక్కగా వణికింది. "...నా ఒళ్లోనే కన్ను మూశాడు. అయినా ప్రభువు నా చెయ్యి విడవలేదు!" ఆడవాళ్లు కొంగులతో కళ్లు తుడుచుకున్నారు.

"అమ్మా రూతమ్మా, నీ సాక్ష్యం?" అన్నారు పాస్టరుగారు.

రూతు లేచి నిలబడింది. 

"ఆయన చెప్పింది... నా సాక్ష్యం కాదండి."

పాస్టరుగారు బైబిలు మూసి ఆమె వైపు చూశారు.

"ఆ రాత్రి ఆయన ఊళ్లో లేరు. వెళ్లనన్నారు పాపం... నేనే పంపాను. మీరు లేకపోతే నాటకం ఆగిపోతుంది, జ్వరమే కదా, తగ్గిపోతుందిలే అన్నాను. అందులో తప్పుంటే నాది కూడానండి. బాబు నా ఒళ్లోనే పోయాడు. పోయేముందు, 'అమ్మా, నాన్న ఆట అయిపోయిందా?' అని అడిగాడు. 'అయిపోయింది కన్నా, బయల్దేరారు' అన్నాను. అబద్ధం! నా బిడ్డకు నేను చెప్పిన ఆఖరి మాట అబద్ధమండీ! ఇంకొకటి ఆడే ఓపిక నాకు లేదు... క్షమించండి."

ఏసురాజు నిలబడ్డవాడు నిలబడ్డట్టే ఉండిపోయాడు. బిడ్డ అడిగిన ఆ మాట అతను ఇన్నేళ్లలో ఎన్నడూ వినలేదు. అడిగి ఉంటే వినేవాడు! ఆనాడు పోటీలు ముగిసేదాకా కబురందక, కప్పు చేతపట్టుకుని ఇల్లు చేరేసరికి సమాధి కూడా అయిపోయింది. అతను నేల మీద పడి దొర్లాడు. అందరూ అతన్నే ఓదార్చారు, రూతు కూడా అతన్నే ఓదార్చింది. నెల తిరక్కుండా మరో పోటీ వచ్చిపడింది. బిడ్డ ఎలా పోయాడో అడగడం అతనికి తోచనే లేదు.

మెల్లగా ఆడవాళ్ల వైపు నడిచి వచ్చి, అందరూ చూస్తుండగానే రూతు కాళ్ల దగ్గర చాప మీద కూర్చున్నాడు.  వేల మందిని ఏడిపించిన ఆ గొంతు కీచుమంది.

"రూతూ... నేను బయల్దేరానంటే... వాడేమన్నాడు?"

రూతు అతని పక్కనే చతికిలబడింది. మొదటిసారిగా ఆమెకు ఏడుపు వచ్చింది.

"'అయితే తలుపు గడియ తీసి ఉంచమ్మా' అన్నాడండీ..."

ఏసురాజు తల ఆమె భుజం మీద వాలిపోయింది. ఎవరూ పాట ఎత్తుకోలేదు. గోడవారగా కూర్చున్న జ్ఞానమ్మ నోట్లో కొంగు కుక్కుకుని చాలాసేపు కుమిలింది. చివరికి ఆవిడే నోరు విప్పింది.

"ఆ గడియ నేనే తీశాను నాయనా... నువ్వొచ్చేదాకా వెయ్యలేదు."