ఉప్పు మీద ముడి

సత్యవేణి నాలుకను ఇంకోసారి గీక్కుని, రుచిలేని నీళ్లు పుక్కిలించి, రుచి కనిపెట్టే పట్టీకి ఆనించింది. పచ్చదీపం వెలిగింది. రాత్రి తిన్న గోంగూర జాడ పూర్తిగా పోయిందన్నమాట. ఈ ఉద్యోగం కోసం ఆమె కాఫీ మానేసింది గానీ గోంగూర దగ్గర మాత్రం మనసు రాలేదు.

కాకినాడ నాదముడి కేంద్రానికి వచ్చేవాళ్లు ధ్వనితో పాటు ఒక రుచినీ వెంట తెచ్చుకుంటారు. ధ్వని ఫోనులో ఉంటుంది, రుచి పొట్లంలో ఉంటుంది. ముడి పడ్డాక ఆ రుచి నాలుకకు తగిలినప్పుడల్లా ఆ ధ్వని గుర్తొస్తుంది. చెవికి వినిపించదు, ఇప్పుడే విన్నట్టు జ్ఞాపకం వస్తుంది. బతికున్నంతకాలం అందులో ఒక్క అక్షరం అరగదు. ఫోనులోని మూలధ్వని మాత్రం ముడి పడుతూనే కరిగిపోతుంది. ఎవరు ఏ రుచి తెస్తారో ముందే ఊహించడం సత్యవేణికి సరదా. ఆ పొద్దున ఒక రిటైర్డు స్టేషన్ మాస్టరు, మూసేసిన తన స్టేషను గంట కోసం కరక్కాయ తెచ్చాడు. తాటిబెల్లం అనుకున్న సత్యవేణి ఓడిపోయింది.

తరవాత వచ్చింది మసేనమ్మ. ఉప్పాడ మనిషి, ఎండుచేపలు అమ్ముతుంది. భర్త ఎల్లాజీ వేటకు వెళ్లి తిరిగి రాలేదు. అంతకుముందెప్పుడో పడవ ఒడ్డుకు చేరువవుతూనే అతను ఫోనులోకి అరిచిన అరుపొకటి ఆమె దగ్గర మిగిలింది. దాని కోసం లవంగం తెచ్చింది. పన్ను నొప్పెడితే తప్ప లవంగం ముట్టనని, అరుదైన రుచి అయితేనే మంచిదని ఎవరో చెప్పారని అంది. చెప్పినవాళ్లకు విషయం తెలుసు.

ఎందుకంటే ఏ రుచి మీదైనా కట్టొచ్చు గానీ ఉప్పు మీద కట్టకూడదు. తొలిరోజుల్లో ఒకాయన తల్లి జోలను ఉప్పు మీద కట్టించుకుని, ముద్దముద్దకీ ఏడ్చి, చివరికి అన్నమే మానేశాడు. అప్పటినుంచి పొరపాటున ఉప్పు ముడి పడితే ఆ పూటే చెరిపేయాలన్నది నియమం.

సత్యవేణి మసేనమ్మ చేత నోరు కడిగించింది, చేతులు కడిగించింది. జంటపట్టీలో ఒక కొస ఆమె నాలుక మీద, రెండోది తన నాలుక మీద పెట్టుకుంది. ప్రతి ముడికీ కట్టినవాళ్లే సాక్షి, అదే ముడి వాళ్ల నాలుక మీదా పడుతుంది. సాయంత్రం చెరుపుగదిలో కూర్చుని ఆ రోజు పడ్డ సాక్షిముడులన్నీ కడిగేసుకుని ఇంటికి పోతారు. కేంద్రంలో ఇంకో ఆచారం ఉంది. రుచిని ఎవరి చేత్తో వాళ్లే నాలుక మీద పెట్టుకోవాలి. ఇంకొకరు పెడితే ముడి వదులవుతుందని ఇక్కడి నమ్మకం. యంత్రానికి అలాంటి పట్టింపులేవీ లేవు. మసేనమ్మ తన వేళ్లతోనే లవంగం నోట్లో పెట్టుకుంది.

ముడి పడింది. సరిచూడ్డానికి సత్యవేణి ఇంకో లవంగం నేరుగా ఆమె నోటికే అందించి, తనూ ఒకటి వేసుకుంది. మసేనమ్మ కొరికింది, చప్పరించింది, ఘాటుకు కళ్లు తుడుచుకుంది. ఏమీ రావడం లేదంది. సత్యవేణికీ ఏమీ రాలేదు. మూలధ్వని కరిగిపోయింది. మరి ముడి ఎక్కడ పడ్డట్టు?

పక్కనే కూర్చున్న మసేనమ్మ చేతులు అప్పుడు చూసింది. వేళ్ల నిండా పగుళ్లు. ఆ పగుళ్లలో ఏళ్ల తరబడి ఇంకిన ఉప్పు ఒక్కసారి కడిగితే పోతుందా! సత్యవేణి క్యాంటీన్ నుంచి రెండు ఉప్పు రవ్వలు తెచ్చి, ఒకటి ఆమెకిచ్చి, ఒకటి తను నోట్లో వేసుకుంది.

గాలి, ఇంజను చప్పుడు, వాటి మధ్య ఎవరో మగమనిషి గొంతు: "మసేనూ, పొయ్యెలిగించెయ్, ఒచ్చేత్తన్నా!"

మసేనమ్మ కూర్చున్న చోటే తల గుమ్మం వైపు తిప్పేసింది.

పట్టీ ఎర్రబడింది. పర్యవేక్షకుడు అబ్రహాం గారు వచ్చారు. ఆయన చెడ్డవారేం కాదు, నియమం చదివేటప్పుడు గొంతు తగ్గించి చదివారు. చెరిపేశాక ఆ అరుపు లోకంలో ఎక్కడా ఉండదని కూడా దాచకుండా చెప్పారు. కూడు సహించదమ్మా, నీ మంచికే అన్నారు.

మసేనమ్మ తన వేళ్ల వంక చూసుకుంది. "పుట్టినకాడ్నుంచీ ఉప్పులోనే ఉన్నానండి బాబూ. ఆయన కేకేత్తేనే పొయ్యెలిగించేదాన్ని. కేకినబడక ఈ ఏడాదిగా కుంపటి ముట్టించబుద్దే అవట్లేదండి. ముద్దకోసారి పిలిత్తే పిలవనీండి, తింటాను."

అబ్రహాం గారు నిట్టూర్చి చెరుపు యంత్రానికి ఆజ్ఞ ఇచ్చారు. సాయంత్రాల్లో సాక్షిముడి కడుక్కోవడం వేరు; అసలు ముడినే చెరపాలంటే, ఆ ముడి ఉన్న నాలుకలన్నీ ఒకేసారి కూర్చుంటే తప్ప అది నడవదు. రెండు కుర్చీలూ వెలిగాయి. మసేనమ్మను ఒకదాంట్లో కూర్చోబెట్టారు. రెండోది సత్యవేణిది.

సత్యవేణి కూర్చోలేదు.

"నేను చెరుపుకోనండి," అంది.

సాయంత్రానికీ కడుక్కోని ముడి ఉన్న నాలుకతో మళ్లీ ముడివేతకు పనికిరావని ఆయన గుర్తుచేశారు. ఆమెకు తెలుసు. కరక్కాయకు గంట మోగే రోజులు, పొట్లం విప్పకముందే పందెం కాసే పొద్దులు ఇక ఉండవని తలుచుకుంటే బాధగానే ఉంది. అయినా కదల్లేదు. యంత్రం రెండో నాలుక కోసం ఎదురుచూస్తూ ఆగిపోయింది. అది ఆగేసరికి వెనక వరసలో పట్టీలన్నీ ఆగిపోయాయి. పొట్లాలు పట్టుకున్న జనం మెడలు సాచి చూశారు. చివరికి మసేనమ్మ తనంతట తనే కుర్చీలోంచి లేచి, సత్యవేణి చెయ్యి ఒకసారి గట్టిగా పట్టుకుని, బస్సు దొరకదేమోనని గబగబా వెళ్లిపోయింది. అబ్రహాం గారు అడ్డుపడలేదు.

మధ్యాహ్నం సత్యవేణి క్యాంటీన్‌లో పప్పన్నం ముందు కూర్చుంది. మొదటి ముద్ద నోట్లో పెట్టుకుని, తెలియకుండానే సముద్రం వైపు తల తిప్పింది. వడ్డిస్తున్న సూరమ్మ అది చూసి, పప్పులో ఉప్పు తగ్గిందేమోనని గిన్నె దగ్గరికి జరిపింది.

"సరిపోయింది పిన్నీ," అని సత్యవేణి రెండో ముద్ద కలుపుకుంది.